1932 నాటి ‘ది ఓల్డ్ డార్క్ హౌస్’ హారర్ సినిమానా, కామెడీనా?

రెండూనూ. అందుకే మొదటిసారి చూసేవాళ్లు ఎక్కడ భయపడాలో, ఎక్కడ నవ్వాలో తెలియక తికమక పడతారు. తన హారర్ సినిమా ‘ఫ్రాంకెన్‌స్టైన్’ వచ్చిన మరుసటి ఏడాదే దర్శకుడు జేమ్స్ వేల్ తీశాడు దీన్ని. కథ చిన్నదే: బ్రిటన్‌లోని వేల్స్ ప్రాంతపు కొండల్లో కుండపోత వాన, కొండచరియలు విరిగిపడి దారి మూసుకుపోతుంది, కారులో వెళ్తున్న ముగ్గురు ఓ పాత బంగళా తలుపు తడతారు.

అసలు మజా అంతా ఆ ఇంటివాళ్లతోనే. హోరేస్ అనే పెద్దమనిషికి పైఅంతస్తు అంటేనే వణుకు, అయినా అతిథులకి జిన్ పోసి, బంగాళాదుంప తినమని మహా మర్యాదగా అడుగుతాడు. చెవులు సరిగా వినపడని అతని సోదరేమో పడకలు ఇచ్చేది లేదని అరుస్తుంటుంది. తాగితే మృగమైపోయే మూగ బట్లర్‌గా బోరిస్ కార్లోఫ్. మంచం పట్టిన 102 ఏళ్ల తండ్రి పాత్ర వేసింది నిజానికి ఒక నటి, ఎల్‌స్పెత్ డడ్జియన్. టైటిల్స్‌లో మాత్రం జాన్ డడ్జియన్ అని మగపేరు వేశారు! ఇక పైన తాళం వేసి ఉంచిన సోదరుడి సంగతి చెప్పను, చూడండి.

ప్రమాదం ముంచుకొస్తున్నా భోజనాల బల్ల దగ్గర మర్యాదలు ఆగవు చూశారూ, నవ్వూ భయమూ రెండూ అక్కడే పుడతాయి.

చాలా ఏళ్లు ఈ సినిమా పోయిందనే అనుకున్నారు, 1968లో దర్శకుడు కర్టిస్ హారింగ్టన్ పట్టుబట్టి వెతికిస్తే స్టూడియో గోదాములో నెగటివ్ దొరికింది. అన్నట్టు, ఇందులో హీరోయిన్ గ్లోరియా స్టువర్ట్, ‘టైటానిక్’లో ముసలి రోజ్ ఈవిడే.