నాష్‌విల్‌లో సెషన్ బేసిస్ట్‌గా బతకొచ్చా?

హైదరాబాద్ బ్యాండ్లలో బేస్ గిటార్ వాయిస్తున్నానని, కంట్రీ మ్యూజిక్ అంటే ప్రాణమని, ఆ సంగీతానికి పుట్టిల్లు లాంటి అమెరికా ఊరు నాష్‌విల్ వెళ్లి సెషన్ బేసిస్ట్‌గా (ఇతరుల రికార్డింగ్‌లకు కూలికి బేస్ వాయించేవాడిగా) స్థిరపడటం కుదురుతుందా అని అడిగారు. నేను విజయవాడ ఆర్కెస్ట్రాల్లో బేస్ వాయించి, సాఫ్ట్‌వేర్ ఉద్యోగం మీద ఈ ఊరొచ్చినవాణ్ణి. సాయంత్రాలు, శనివారాలు డెమో సెషన్లు (పాట ఎలా ఉంటుందో వినిపించడానికి చేసే నమూనా రికార్డింగ్‌లు) వాయిస్తుంటాను. పెద్ద పెద్ద ఆల్బమ్‌ల మీద నా పేరు వెతకొద్దు, దొరకదు.

ముందు వీసా సంగతి తేల్చేద్దాం. హెచ్-1బీ మీద ఉన్నవాళ్లు స్పాన్సర్ చేసిన కంపెనీకి తప్ప ఇంకెవరికీ డబ్బు తీసుకుని పనిచేయకూడదు. బార్‌లో వాయించి టిప్పులు పంచుకున్నా అది పని కిందికే వస్తుంది. గ్రీన్ కార్డు వచ్చేదాకా నేను ఒక్క డాలర్ ముట్టలేదు. ఇక్కడి మనవాళ్లలో బాగా వాయించే కుర్రాళ్లు కొందరు ఈ ఒక్క కారణంతోనే ఆగిపోయి ఉన్నారు.

ఇక అసలు పని. ఈ వృత్తిలో పెద్ద దిక్కు బాబ్ మూర్. 1932లో నాష్‌విల్‌లోనే పుట్టారు. చిన్నప్పుడు అక్కడి పేరున్న కచేరీ హాలు రైమన్ ఆడిటోరియం బయట బూట్లు పాలిష్ చేసేవారు. కంట్రీ గాయకుడు ఎర్నెస్ట్ టబ్ బ్యాండ్‌లో బేస్ వాయించే జాక్ డ్రేక్ బూట్లు కూడా అలా ఆయన చేతికి వచ్చినవే. తర్వాత 17,000కు పైగా సెషన్లలో వాయించారని చెబుతారు. రోజర్ మిల్లర్ పాడిన ‘కింగ్ ఆఫ్ ది రోడ్’ మొదట్లో చిటికెలతో పాటు వినిపించే ఆ నిలువు బేస్ (నిలబెట్టి వాయించే పెద్ద వయొలిన్ లాంటి వాద్యం) ఆయనదే. ఒక్కసారి హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వినండి. అందులో వేళ్ల విన్యాసం ఏమీ ఉండదు. అయినా ఆ బేస్ తీసేస్తే పాట నడక మొత్తం పోతుంది.

ఆ రోజుల్లో ఇంకో తమాషా ఉండేది. నిలువు బేస్‌కు లోతు ఉంటుంది కానీ చిన్న రేడియోల్లో దాని దెబ్బ సరిగా తెలిసేది కాదు. అందుకని హెరాల్డ్ బ్రాడ్లీ లాంటివాళ్లు ఆరు తీగల ఎలక్ట్రిక్ బేస్ మీద అరచేత్తో తీగలు అదిమి, అదే వరసను జోడించేవాళ్లు. టిక్-టాక్ బేస్ అంటారు దాన్ని. కంట్రీ గాయకుడు మార్టీ రాబిన్స్ పాట ఒకటి రికార్డ్ చేస్తుంటే గ్రేడీ మార్టిన్ వాయిస్తున్న ఆరు తీగల బేస్ వెళ్లే మిక్సర్ చానల్ పాడై, శబ్దం బరబరమంటూ వచ్చింది. బాగుందని అలాగే ఉంచేశారు. 1961లో ఆ పాట హిట్టయింది. గిటారిస్టులు ఇవాళ ఎగబడి కొనే ఫజ్ పెడల్ (గిటార్ శబ్దాన్ని బరబరమనిపించే పెట్టె) పుట్టుకకు అదే మూలం. కంట్రీ అంటే పాతచింతకాయ పచ్చడి అనుకునే రాక్ మిత్రులకు ఈ ముక్క చెప్పడం నాకు భలే సరదా.

సెషన్ అంటే మూడు గంటలు. పొద్దున పది నుంచి ఒంటిగంట, రెండు నుంచి ఐదు, ఆరు నుంచి తొమ్మిది. డిమాండ్ ఉన్నవాళ్లు రోజుకు రెండు మూడు కానిచ్చేస్తారు. డెమో అయితే మూడు గంటల్లో ఐదు పాటల దాకా లాగించేస్తారు. రిహార్సల్ ఉండదు, స్వరాలు రాసిన కాగితమూ ఉండదు. పాట రాసినాయన గిటార్ మీద పాడుకున్న ఫోన్ రికార్డింగ్ ఒకసారి వేస్తారు. అది అయ్యేలోపు చార్ట్ రాసేసుకోవాలి.

ఆ చార్ట్ మొత్తం అంకెలే. 1950ల చివర్లో జార్డనేర్స్ అనే గాయక బృందంలోని నీల్ మాథ్యూస్ మొదలుపెట్టాడు, చార్లీ మెకాయ్ దాన్ని మిగతా వాద్యకారుల్లోకి తెచ్చాడు. స్కేలులో మొదటి స్వరం మీద కార్డ్ (కలిపి మోగించే స్వరాల గుంపు) 1, నాలుగో స్వరం మీద 4, ఐదో దాని మీద 5. మైనర్ అయితే అంకె పక్కన చిన్న గీత. రెండు అంకెల కింద ఒకే గీత ఉంటే అవి ఒక్క బార్‌ను (తాళంలో ఒక ఆవృత్తాన్ని) పంచుకుంటాయి. అంకె చుట్టూ డైమండ్ గీశారంటే ఒకసారి కొట్టి అలా మోగనివ్వాలి. సింగర్ గొంతు అందక అర మెట్టు దించమన్నా కాగితం మార్చక్కర్లేదు, శ్రుతి మారినా సరిగమలు మారనట్టే. కర్ణాటక సంగీతం కాస్త నేర్చుకున్న మనవాళ్లకు ఇది ఇట్టే పట్టుబడుతుంది.

వాయించడం దగ్గరకొస్తే, మీకు ఇప్పుడున్న అలవాట్లలో సగం మానుకోవాలి. మన ఆర్కెస్ట్రాల్లో బేసిస్ట్‌కు ఖాళీ దొరికితే చాలు, ఫిల్లింగ్ వేసేస్తాం, జనం ఈలలు వేస్తారు. ఇక్కడ చరణంలో ఒకటో బీట్‌కు మూల స్వరం, మూడో బీట్‌కు దాని పంచమం, అంతే. కిక్ డ్రమ్‌తో (కాలితో కొట్టే పెద్ద డ్రమ్) బేస్ అతుక్కుపోవాలి. నోట్ ఎప్పుడు మొదలైందన్నది ఎంత ముఖ్యమో, ఎక్కడ ఆపామన్నదీ అంతే ముఖ్యం. కిక్ తర్వాత స్నేర్ (కర్రతో కొట్టే చిన్న డ్రమ్) పడే క్షణానికి తీగ నోరు మూస్తే పాట ఒకలా ఉంటుంది, మోగుతూ ఉంటే ఇంకోలా ఉంటుంది. నేను ఫ్లాట్‌వౌండ్ (నున్నగా ఉండే) తీగలున్న ప్రెసిషన్ బేస్ అనే ఎలక్ట్రిక్ బేస్‌కు బ్రిడ్జి (తీగల కింది కొస ఆనే చోటు) దగ్గర స్పాంజి ముక్క దూర్చి పెట్టుకుంటాను. ఇంకొకటి, కింది బి తీగ ఉన్న ఐదు తీగల బేస్. ఈ రెండింటితోనే నాకు పని జరిగిపోతోంది. నిలువు బేస్ కూడా వస్తే మీకు తిరుగులేదు. ఒకే సెషన్‌లో రెండో వాద్యం వాయిస్తే వాద్యకారుల యూనియన్ లెక్కలో అదనంగా ఇస్తారు.

డబ్బు మాట. యూనియన్ సెషన్లలో రేటు రాసిపెట్టి ఉంటుంది. మాస్టర్‌కు (విడుదలయ్యే అసలు రికార్డింగ్) ఎక్కువ, డెమోకు తక్కువ, సెషన్‌లో వాద్యకారులను నడిపించే లీడర్‌కు రెట్టింపు. పాట కోటి సార్లు మోగినా రాయల్టీ పాట రాసినవాళ్లదే, మనది ఆ రోజు కూలి. ఇక్కడ ఎఫ్ఎం రేడియోలు వాయించినవాళ్లకు పైసా ఇవ్వవు. ఇంటర్నెట్ రేడియోల నుంచి వచ్చే దాంట్లో 5 శాతం మాత్రం సెషన్ వాద్యకారులకు, కోరస్ గాయకులకు సగం సగం వెళ్తుంది. యూనియన్ బయట జరిగే సెషన్లలో మీ జాగ్రత్త మీదే. ఒక నిర్మాత నాకు నాలుగు పాటల డబ్బు ఎగ్గొట్టి, ఆర్నెల్ల తర్వాత ఏమీ ఎరగనట్టు మళ్లీ సెషన్‌కు పిలిచాడు.

ఒకప్పుడు మెట్లు ఉండేవి. మైకేల్ రోడ్స్ లాంటి మహా బేసిస్ట్ కూడా ట్రీ పబ్లిషింగ్ కంపెనీ డెమోలు వాయిస్తూ పైకొచ్చినవాడే. ఇప్పుడు పాట రాసేవాళ్లే ఇంట్లో ల్యాప్‌టాప్ మీద డెమో చేసేసుకుంటున్నారు. మొదటి మెట్టే అరిగిపోయింది. పెద్ద సెషన్లలో చూస్తే ఎప్పుడూ ఆ పదిమంది పేర్లే.

మిగిలింది నాష్‌విల్‌లో లైవ్ మ్యూజిక్ వినిపించే వీధి లోయర్ బ్రాడ్‌వే బార్లు. నాలుగు గంటల షిఫ్టు, మధ్యలో విరామం ఉండదు, సంపాదనంతా టిప్పుల బకెట్ మీదే. ఎవరో వచ్చి ఇరవై డాలర్లు వేసి మీరెప్పుడూ వినని పాట అడుగుతారు. సింగర్ వెనక్కి తిరగకుండానే వీపు వెనక నాలుగు వేళ్లు చూపిస్తాడు, మీరు 4కు వెళ్లాలి. తర్వాత ఒక వేలు. అలా పాట గట్టెక్కుతుంది. చెవికి ఇంతకన్నా మంచి బడి లేదు, ఒంటికి ఇంతకన్నా పెద్ద శిక్షా లేదు.

కాబట్టి ఉద్యోగం వదిలేసి రావద్దు. హైదరాబాద్ నుంచే రిమోట్ సెషన్లు మొదలుపెట్టండి, అమెరికా వీసా గొడవ ఉండదు. టైమ్ తేడా కూడా మీకే కలిసొస్తుంది. ఇక్కడ రాత్రి పంపిన పాట మీకు పొద్దున్నే అందుతుంది, వీళ్లు నిద్రలేచేసరికి మీ బేస్ ట్రాక్ వచ్చి ఉంటుంది. ఏ ఎఫెక్టూ లేని డీఐ ట్రాక్ (బేస్ నుంచి నేరుగా రికార్డ్ చేసింది) విడిగా పంపండి, ఫైల్ పాట మొదటి సెకను నుంచే మొదలవ్వాలి. రెండు టేకులు చాలు: ఒకటి మీకు నచ్చినట్టు, ఇంకొకటి అందులో సగం నోట్లు తీసేసి. వాళ్లు ఏది వాడుకున్నారో ఫైనల్ మిక్స్ వచ్చాక విని చూసుకోండి.