ఘనాలో అనాస తోటలో డబ్బు పెట్టొచ్చా? అక్కడి పండ్ల సాగు, ఎగుమతి ఎలా ఉన్నాయి?

మీరు ఘనా రేవు పట్నం టెమాలో ఉద్యోగం చేస్తున్నారట, రాజధాని అక్రాకి దగ్గర్లోని న్సావామ్ ఊరి పక్కన 20 ఎకరాల అనాస తోటలో వాటా తీసుకోమని స్నేహితుడు వెంటపడుతున్నాడట. ఘనాలో పండ్ల సాగు, వాడకం, ఎగుమతి పెరుగుతున్నాయా తగ్గుతున్నాయా అని అడిగారు. పెట్టొచ్చు. కానీ మీ స్నేహితుడు చూపించే ఎగుమతి గ్రాఫులు పక్కన పెట్టించి, పిలకలు ఎక్కడినుంచి తెస్తున్నాడో ముందు అడగండి. అనాస వ్యాపారం మొత్తం పిలకల లెక్క. టన్నుల లెక్క తర్వాత సంగతి.

అయినా అంకెలు అడిగారు కాబట్టి అవి కానిచ్చేద్దాం. ఐక్యరాజ్యసమితి ఆహార, వ్యవసాయ సంస్థ (ఎఫ్‌ఏఓ) లెక్కల ప్రకారం ఘనాలో అనాస ఈమధ్య ఏటా 6–7 లక్షల టన్నులు పండుతోంది. అందులో కాయ కాయగా ఓడెక్కేది పిసరంత. మిగతాదంతా రోడ్డు పక్కన, సంతల్లో, జ్యూసు ఫ్యాక్టరీల్లో ఖర్చయిపోతుంది. "ఘనావాళ్ళు పండ్లు విపరీతంగా తింటారు" అని కొందరు చూపించే పట్టికల్లో కూర అరటిని కూడా కలిపేస్తారు, అది చూస్తే ఒళ్ళు మండుతుంది. ఏటా 40 లక్షల టన్నులు దాటే ఆ అరటిని కర్రపెండలంతో కలిపి దంచి ఫుఫూ చేసుకుంటారు, ముక్కలకి అల్లం, కారం పట్టించి కెలెవెలె వేయించుకుంటారు. అది వాళ్ళకి అన్నం. మన వరిని పండ్ల పద్దులో రాస్తే ఎలా ఉంటుందో ఇదీ అంతే.

పండుగా తినే అరటి సంగతి వేరు. 1996లో నెదర్లాండ్స్‌ చేరిన తొలి ఫెయిర్‌ట్రేడ్ అరటి, అంటే రైతుకి, కూలీకి న్యాయమైన ధర ముట్టిందని ముద్ర వేసి అమ్మేది, ఘనాదే. ఈరోజు ఎగుమతిలో అరటి అనాసను దాటిపోయింది. కాకపోతే అది ఓల్టా నది నీళ్ళు పెట్టుకుని, సొంత ప్యాకింగ్ షెడ్లతో పెద్ద కంపెనీలు చేసే పని. 20 ఎకరాలవాడికి అందులో చోటు లేదు, కాబట్టి దాన్ని వదిలేద్దాం.

అసలు కథ అనాసది. 1990లలో ఘనా ఐరోపాకి పంపింది స్మూత్ కాయెన్ రకం. లావుపాటి, పులుపు తీపి కలిసిన, పండినా తొక్క సగం ఆకుపచ్చగానే ఉండే కాయ. న్సావామ్, అబురి చుట్టుపక్కల రెండు మూడెకరాల రైతులు కూడా పండించేవాళ్ళు. ఎగుమతిదారు వచ్చి తోటలోనే కొనేవాడు, టెమాలో ఓడెక్కించేవాడు. 2004లో సుమారు 70 వేల టన్నులు పోయింది, అదే శిఖరం. నాలుగైదేళ్ళు తిరిగేసరికి అది సగానికి పడింది. వానలు బాగానే పడ్డాయి, తెగులూ రాలేదు. కొనేవాడు రకం మార్చాడు, అంతే.

1996లో డెల్‌మాంటే కంపెనీ కోస్టారికా నుంచి ఎండీ-2 అనే రకాన్ని మార్కెట్లోకి దింపింది. హవాయి పరిశోధన సంస్థలో పుట్టిన సంకరం. తీపి ఎక్కువ, పులుపు తక్కువ, తొక్క బంగారు రంగు. సూపర్‌మార్కెట్‌వాళ్ళు దానికి పడిపోయింది రుచి చూసి అనుకుంటారు అందరూ. అసలు కారణం కోల్డ్ రూమ్. కాయెన్‌ను 7–8 డిగ్రీల్లో రెండు వారాలు ఉంచితే బయట నిగనిగలాడుతూనే లోపల బొడ్డు చుట్టూ గోధుమరంగుకి తిరిగి నల్లబడుతుంది. కోసేదాకా తెలియదు. ఎండీ-2కి ఆ జబ్బు బాగా తక్కువ. దుకాణంవాడికి అంతకంటే ఏం కావాలి? 2004, 2005 వచ్చేసరికి ఐరోపా కొనుగోలుదార్లు కాయెన్ ధర పడగొట్టేశారు, తర్వాత ఆర్డర్లే ఆపేశారు.

"మరి రైతు వెంటనే మార్చుకోవచ్చుగా" అంటారు. అనాస గురించి తెలియనివాళ్ళ మాట అది. తోటలో ఏం జరుగుతుందో దగ్గరగా చూడండి.

అనాసను దాని మానాన వదిలేస్తే ఒక్కో మొక్క ఒక్కోసారి పూస్తుంది. కంటెయినర్ నింపాలంటే మడి మొత్తం ఒకేసారి కోతకు రావాలి, అందుకని బలవంతంగా పూత పెట్టిస్తారు. చిన్న రైతు చేతిలో ఉండే మందు కాల్షియం కార్బైడే. కార్బైడ్ అనగానే మనకి మాగబెట్టిన మామిడికాయలు గుర్తొస్తాయి, మన దగ్గర దానిమీద నిషేధం ఉందని కూడా. ఇక్కడ పని వేరు. కాయ ఇంకా పుట్టనే లేదు. కార్బైడ్‌ను చల్లటి నీళ్ళలో వేస్తే ఎసిటిలీన్ వాయువు పుట్టి నీళ్ళలో కలుస్తుంది, ఆ నీళ్ళు మొక్కకి 50 మిల్లీలీటర్ల చొప్పున మొవ్వులో పోస్తే పూమొగ్గ కడుతుంది. నీళ్ళు ఎంత చల్లగా ఉంటే వాయువు అంతసేపు నిలుస్తుంది. ఎండలో కాగిన డ్రమ్ములో కలిపితే అంతా గాల్లోకి పోతుంది. దగ్గర్లో బీడీ వెలిగిస్తే ఏమవుతుందో చెప్పక్కర్లేదు. పోయడం కూడా రాత్రిపూట, లేదా తెల్లవారుజామున. అనాస ఆకు రంధ్రాలు రాత్రే తెరుచుకుంటాయి, పగలు మూసుకుంటాయి. కూలీలు దొరకలేదని ఉదయం పది గంటలకి పోయించినవాళ్ళ మడిలో సగం మొక్కలు పూతకు రావు. రెండు మూడు రాత్రుల తర్వాత మళ్ళీ ఒక విడత పోయాలి. పూత పెట్టించే ముందు నెల, నెలన్నర పాటు యూరియా పిచికారీ ఆపాలి, నత్రజని మదం మీదున్న మొక్క మందుకి లొంగదు.

ఇలా పూత పెట్టించిన రోజు నుంచి కోతకి 150–160 రోజులు. ఆ గడియారాన్ని ఆపే మందు లేదు. క్రిస్మస్ సరుకు అంటే నవంబర్ చివర్లో కోత, అంటే జూన్ చివర్లో పూత. ఈస్టర్‌కి మార్చిలో కోత, అక్టోబర్‌లో పూత. ఇప్పుడు 2005 నాటి రైతును తలుచుకోండి. ఏడాది కిందట నాటాడు, మొవ్వులో కార్బైడ్ పోశాడు, కాయ పిడికిలంత అయింది. అప్పుడు ఎగుమతిదారు "కాయెన్ వద్దు" అన్నాడు. ఆ కాయ ఆగదు. రెండు మూడు నెలల తర్వాత మడి మడంతా ఒకేసారి పండింది, ఊళ్ళో అందరి మడులూ ఒకేసారి పండాయి. చుట్టుపక్కల సంతలు అంత సరుకు ఎక్కడ మింగుతాయి? చాలా తోటల్లో కాయ చెట్టు మీదే కుళ్ళింది. కొందరు ఆ డబ్బు వస్తుందని అప్పు తెచ్చి ఎరువులు వేసినవాళ్ళు.

ఇక రకం మార్చుకోవడం. అనాసకి విత్తనం లేదు, పిలకే నాటాలి. ఎకరానికి సుమారు 24 వేల పిలకలు, అంటే మీ స్నేహితుడి 20 ఎకరాలకి 4.8 లక్షలు. ఒక్కోటి 300–400 గ్రాములుంటే మొత్తం 144 నుంచి 192 టన్నులు, పిలకలే! మంచి ఎండీ-2 మొక్క కోత తర్వాత ఒకటో రెండో నాటదగ్గ పిలకలు ఇస్తుంది. రెండే అనుకుందాం. ఎకరం రెండు కావడానికి ఏడాదిన్నర పైమాటే. ఆ లెక్కన ఒక ఎకరం పిలకలతో మొదలుపెట్టి 20 ఎకరాలు నిండాలంటే ఏడేళ్ళు దాటుతుంది. అంతకాలం ఏ కొనుగోలుదారు కూర్చుంటాడు? మొవ్వు పొడిచేసి, కాయ వదులుకుని పిలకలు ఎక్కువ తీసే పద్ధతి ఉంది, కాండాన్ని ముక్కలు కోసి మొలకెత్తించేదీ ఉంది. పెద్ద తోటలవాళ్ళు, ప్రభుత్వం టిష్యూ కల్చర్ మొక్కలు, అంటే ల్యాబులో చిన్న ముక్క నుంచి పెంచినవి, తెప్పించారు. అవి వేలెడంత ఉంటాయి, నర్సరీలో నెలల తరబడి సాకాలి. ఇవన్నీ డబ్బున్నవాడి పనులు. చిన్న రైతు ఎగుమతి నుంచి తప్పుకున్నది తెలివిలేక కాదు, పిలక కొనలేక.

కొన్నా ఎండీ-2 సుకుమారం. కాయెన్ తట్టుకున్న నేలలో దీనికి మొవ్వు కుళ్ళు, వేరు కుళ్ళు పట్టుకుంటాయి. మొవ్వు ఆకు పట్టుకుని లాగితే చేతికి ఊడొస్తుంది, మొదట్లో తెల్లగా మెత్తబడి కంపుకొడుతుంది. అప్పటికి ఆ మొక్క అయిపోయినట్టే. అందుకే నీళ్ళు నిలవకుండా ఎత్తు మడులు, వాటి మీద నల్ల ప్లాస్టిక్ షీట్, నాటే ముందు పిలకలకి మందు ముంచడం. పుల్లటి నేల కావాలి, పీహెచ్ 4.5–5.5. కోసిన రోజే కోల్డ్ రూమ్‌లో చేరాలి, అక్కణ్ణుంచి ఓడ దాకా చలి తెగకూడదు. రెండెకరాల రైతుకి కోల్డ్ రూమ్ ఏది?

రంగు మోజు మరో జాడ్యం. తొక్క పసుపు తిరగాలని కోతకి వారం ముందు ఎథెఫాన్ అనే మందు కొడతారు. అనాస మామిడిలా కోశాక మాగదు, తీపి పెరగదు. మందు తొక్కకి రంగు వేస్తుంది తప్ప లోపల పులుపు పులుపే. మోతాదు మించితే ఐరోపాలో మందు అవశేషాల పరీక్షలో సరుకు పోతుంది. పొరుగున ఉన్న బెనిన్ ఈ గొడవతోనే 2016 చివర్లో తనంతట తానే ఐరోపాకి అనాస పంపడం కొన్నాళ్ళు ఆపుకోవాల్సి వచ్చింది.

ఇంత జరిగాక నిలబడ్డవాళ్ళు ఎవరు? కాయని కాయగా అమ్మనివాళ్ళు. న్సావామ్ దగ్గరే ముక్కలు కోసి డబ్బాల్లో పెట్టి విమానంలో బ్రిటన్‌కి పంపే ఫ్యాక్టరీ ఉంది, ఎండబెట్టి అమ్మేవాళ్ళు ఉన్నారు, జ్యూసువాళ్ళు ఉన్నారు. వాళ్ళకి తొక్క రంగుతో పనిలేదు. అందువల్ల పాత షుగర్‌లోఫ్ రకానికి మళ్ళీ రోజులొచ్చాయి. కోడెగిత్త కొమ్ములా పైకి సన్నబడే కాయ, పండినా పచ్చగానే ఉంటుంది, లోపల దాదాపు తెల్లగా, నోట్లో వేస్తే కరిగేంత తీపి. మెత్తన కాబట్టి ఓడ ప్రయాణానికి పనికిరాదు. అక్రాలో జనం ఇష్టపడేది దీన్నే. నన్నడిగితే స్థానికంగా తినేవాడే ఈ దేశంలో నికరమైన ఖాతాదారు. వాడు రకం మార్చమని ఉత్తరం రాయడు.

స్థానిక తిండి అన్నాను కాబట్టి బత్తాయి మాట. అక్రా రోడ్ల మీద ఆడవాళ్ళు పచ్చ తొక్కను కత్తితో గడ్డం గీసినట్టు పలచగా చెక్కి, తెల్లపొర ఉంచేసి పేరుస్తారు. పైన చిన్న మూత కోసి ఇస్తే పిండుకుంటూ పీల్చి పిప్పి పారేయడమే. అంత పండు చేతికందుతుంటే ట్రాఫిక్ సిగ్నల్ దగ్గర దక్షిణాఫ్రికా ఆపిల్‌ని గొప్పకి కొనుక్కునేవాళ్ళూ ఉన్నారు. మనకి వాషింగ్టన్ ఆపిల్ పిచ్చి ఉన్నట్టే.

వృథా సంగతికొస్తే జీడిమామిడిని మించింది లేదు. వెంచీ, సాంపా వైపు తోటల్లో ఫిబ్రవరి నుంచి గింజ తెంపుకుని పండు అక్కడే నేల మీద పారేస్తారు. గింజలు పచ్చివి పచ్చివిగానే ఇండియాకి, వియత్నాంకి పోతాయి. మన పలాసలో జీడిపప్పు ఒలిచేవాళ్ళ చేతిలోకి వచ్చే గింజల్లో పశ్చిమాఫ్రికావి ఎన్నో. ప్రతి సదస్సులోనూ "విలువ జోడించాలి" అంటారు, ఆ పండు మాత్రం ఒక్కరోజు కూడా నిలవదన్న సంగతి ఎత్తరు.

మామిడి ఎందుకు వేయకూడదని కూడా అడుగుతారేమో. సోమాన్యా వైపు కీట్ రకం ఏడాదికి రెండు కాపులు వస్తుంది, అది పెద్ద వరం. కానీ బాక్టీరియా నల్లమచ్చ తెగులు, పండు ఈగ రెండూ ఉన్నాయి. వానల్లో మచ్చ పడ్డ కాయని ఎగుమతివాడు ముట్టుకోడు. అనాస కంటే ఎక్కువ ఏళ్ళు ఆగాలి. ఓపిక ఉంటే చూడండి.

మీ వాటా సంగతికి వస్తాను. విదేశీయుడికి ఘనాలో భూమి సొంతానికి రాదు, 50 ఏళ్ళకు మించని లీజే. 1992 రాజ్యాంగంలోనే ఉంది. చాలా భూమి ఊరి పెద్ద గద్దె కిందో, కుటుంబం కిందో ఉంటుంది, సంతకం ఒకరే పెడితే చాలదు. సాగు పాలికి అయితే అబును అంటే సగం, అబుసా అంటే మూడో వంతు. స్నేహితుడు ఏ ఒప్పందం మీద ఉన్నాడో కాగితం చూడండి.

తర్వాత తోటకి వెళ్ళినప్పుడు రెండు పనులు చేయండి. ఒకటి, నాటడానికి కుప్పపోసిన పిలకల్లో ఓ పది తీసి తూచండి. ఒకటి 150 గ్రాములు, ఇంకోటి 500 అయితే ఆ మడిలో కాయలు ఒక సైజులో రావు, ఒకే పెట్టెలో పట్టవు. తూకం వారీగా వేరు చేసి వేరువేరు మడుల్లో నాటుతున్నాడా చూడండి. రెండు, పూతకి సిద్ధంగా ఉందన్న మడిలో అన్నింటికంటే పొడవాటి ఆకు ఒకటి మొదలంటా లాగి తూచండి. 70–80 గ్రాములు లేకపోతే ఆ మొక్క ఇంకా చిన్నది, ఇప్పుడు కార్బైడ్ పోస్తే కిలో కూడా తూగని కాయ వస్తుంది. డిసెంబర్, జనవరిలో సహారా నుంచి వీచే హర్మటన్ గాలి చలికి వాటంతటవే పూసిన మొక్కలు ఎన్నో కూడా లెక్కపెట్టించండి, అవి మీ కంటెయినర్‌కి అందవు. కిలో లోపు కాయలు, దారి తప్పి పండినవి ఎవరికి అమ్ముతావని అడగండి. పెద్ద కాయ ఎవరు కొంటారో అందరూ చెప్తారు. చిన్నవాటికి జ్యూసు ఫ్యాక్టరీవాడి పేరో, సంతలో అమ్మే ఆమె పేరో వెంటనే చెప్పగలిగితే మిగతా మాటలు మాట్లాడుకోవచ్చు.