ఇసుక మీద యుద్ధం రాస్తున్న అమ్మాయికి

అమ్మాయీ,

నువ్వు పంపిన వ్యాసం చదివాను. రాజోలు నుంచి ఒక అమ్మాయి 1991 గల్ఫ్ యుద్ధం గురించి, అంటే కువైట్‌ను ఆక్రమించిన ఇరాక్ సైన్యాన్ని అమెరికా, దాని మిత్రదేశాలు వెళ్లగొట్టిన యుద్ధం గురించి తెలుగులో రాస్తోందంటే నాకు చాలా సంతోషంగా ఉంది. మన కోనసీమలో గానీ, అటు నరసాపురం వైపు గానీ, కువైట్ పేరు వినని ఇల్లు ఉండదు. కాబట్టి ఇది మనకు సంబంధం లేని యుద్ధం కాదు. అందుకే కొంచెం గట్టిగానే చెప్తాను, ఏమీ అనుకోకు.

నీ వ్యాసంలో ఎఫ్-117, టోర్నడో, బీ-52 అంటూ విమానాల పేర్లు బోలెడు ఉన్నాయి, వాటి వేగాలూ ఉన్నాయి. కానీ అంతా చదివాక కూడా, ఇరాక్ ట్యాంకులు అంత తేలిగ్గా ఎందుకు దొరికిపోయాయో నాకు అర్థం కాలేదు. ఎడారి అంతా బయలే కాబట్టి పైనుంచి అన్నీ కనిపిస్తాయని ఒక్క వాక్యంలో తేల్చేశావు. అది నిజం కాదమ్మా. ఎడారి మీద విమాన యుద్ధం రాసేటప్పుడు పేరా పేరాకీ వేసుకోవలసిన ప్రశ్న ఒకటుంది. ఈ క్షణాన ఎవరు ఎవరిని చూడగలుగుతున్నారు?

మన దేశంలోనే చూడు. 1971 డిసెంబరు 4 రాత్రి థార్ ఎడారిలోని లోంగేవాలా పోస్టు మీదికి పాకిస్తాన్ ట్యాంకులు వచ్చాయి. మేజర్ కుల్దీప్ సింగ్ చాంద్‌పురి, ఆయన దగ్గరున్న ఒక్క కంపెనీ సైనికులు తెల్లవార్లూ వాటిని నిలవరించారు. జైసల్మేర్‌లో మన హంటర్ విమానాలు ఉన్నాయి. కానీ రాత్రిపూట దాడి చేసే సామగ్రి వాటికి లేదు, తెల్లారేదాకా ఆగాల్సిందే. వెలుతురు వచ్చాక చూస్తే, దాక్కోవడానికి చెట్టూ చేమా లేదు. మెత్తటి ఇసుకలో కూరుకుపోయిన ట్యాంకులు, అవి నడిచిన జాడలు పైలట్లకు స్పష్టంగా కనబడ్డాయి. చీకటి ఉన్నంతసేపూ విమానాల భయం లేని ట్యాంకులు పొద్దెక్కేసరికి దిక్కులేనివయ్యాయి.

ఇరవై ఏళ్లు తిరిగేసరికి ఇది తలకిందులైంది. కువైట్‌లో ఇరాకీలు ట్యాంకులను టరెట్ (ఫిరంగి ఉండే పైభాగం) దాకా ఇసుకలో పూడ్చి, చుట్టూ గట్లు పోసుకున్నారు. పగలు అంత ఎత్తు నుంచి వాటిని గుర్తుపట్టడం కష్టం. అమెరికా ఎఫ్-111 విమానాల వాళ్లు వేడిని పసిగట్టే ఇన్‌ఫ్రారెడ్ కెమెరాలతో రాత్రి వెతికారు. మే నెలలో పొద్దుగూకాక మన ఇసుక ర్యాంపుకి వెళ్లి, ఒక చెయ్యి ఇసుక మీద, ఇంకో చెయ్యి పగలంతా ఎండలో నిలబడ్డ ట్రాక్టర్ మీద పెట్టి చూడు. ఇసుక తొందరగా చల్లబడుతుంది, ఇనుము అంత తొందరగా చల్లబడదు. ఆ తేడాయే వాళ్ల స్క్రీన్ మీద తెల్లటి మచ్చగా కనబడింది. ఒక్కో మచ్చకి, లేజర్ కాంతి చూపిన చోటికే వెళ్లి పడే లేజర్ బాంబు ఒక్కోటి. ట్యాంకులో పడుకునే సైనికుడికి ఈ సంగతి తెలిశాక ఏం చేస్తాడు? ట్యాంకు వదిలేసి దూరంగా గొయ్యి తవ్వుకుని పడుకుంటాడు. భూమి మీది యుద్ధం మొదలవకముందే సైన్యం చెదిరిపోవడమంటే అదే. 38 రోజుల బాంబుల తర్వాత భూమి మీది యుద్ధం 100 గంటల్లో ఎందుకు ముగిసిందో నీ పాఠకుడికి అప్పుడు అర్థమవుతుంది.

మొదటి రాత్రి కథ కూడా ఇదే. జనవరి 17 తెల్లవారుజామున అమెరికా అపాచీ హెలికాప్టర్లు వెళ్లి ముందు కొట్టింది సరిహద్దు దగ్గరున్న రెండు ఇరాక్ రాడార్ కేంద్రాలను. కళ్లు పోయాక ఆ సందులోంచి విమానాలు లోపలికి వెళ్లాయి. నువ్వు ఇది వదిలేసి నేరుగా బాగ్దాద్ ఆకాశానికి వెళ్లిపోయావు.

ఇప్పుడు ఎదురు ఉదాహరణ కూడా రాయాలి, లేకపోతే ఏకపక్షం అవుతుంది. ఇరాకీలు తమ స్కడ్ క్షిపణులను లారీల మీద తిప్పుతూ, వాగుల్లోనూ కల్వర్టుల కిందా దాచి, రాత్రి బయటికి తీసి వదిలేవారు. పశ్చిమ ఇరాక్‌లో వాటి కోసం వందల సార్లు విమానాలు తిరిగాయి. కదిలే లాంచర్ ఒక్కటైనా విమానాల దెబ్బకు పోయిందనడానికి తిరుగులేని రుజువు యుద్ధం తర్వాత దొరకలేదు. ఇంకోటి, లేజర్ బాంబుకి కంటిచూపు కావాలి. మబ్బు వచ్చినా, నూనె బావుల పొగ కమ్మినా గురి చెడుతుంది. జీపీఎస్‌తో నడిచే బాంబులు అందుకే వచ్చాయి. 2003 మార్చిలో ఇరాక్‌లో పెద్ద ఇసుక తుఫాను భూమి మీది దళాలను ఆపేసినా, పైనుంచి దాడులు ఆగలేదు.

ఇసుక దిబ్బల వర్ణన మాత్రం తీసెయ్. కువైట్, దక్షిణ ఇరాక్‌లలో యుద్ధం జరిగిన నేల చాలా వరకు కంకర పరిచినట్టు గట్టిగా, బల్లపరుపుగా ఉంటుంది. నీ దిబ్బలు సినిమాల్లోంచి వచ్చినవి.

టీవీలో చూపించిన, గురి తప్పని బాంబుల దృశ్యాల గురించి అబ్బురంగా రాశావు. ఆ యుద్ధంలో వేసిన బాంబుల్లో గురి చూసి నడిపేవి పదో వంతు కూడా లేవు. మిగతావి మామూలువే. గురి కుదిరిన చోట ఏం జరిగిందో కూడా రాయాలి. ఫిబ్రవరి 13న బాగ్దాద్‌లోని అమీరియా షెల్టర్ (బాంబుల నుంచి తలదాచుకునే కట్టడం) మీద రెండు లేజర్ బాంబులు అనుకున్న చోటే పడ్డాయి. అది సైనిక కేంద్రమని అమెరికా అంది. లోపల 400 మందికి పైగా సామాన్య జనం చనిపోయారు, ఎక్కువ మంది ఆడవాళ్లు, పిల్లలు. కెమెరాకి కట్టడం మాత్రమే కనిపించింది. నీ వ్యాసంలో దీనికి కనీసం ఒక పేజీ ఇవ్వకపోతే నేను ఒప్పుకోను.

మరి మనవాళ్లేరి? 1990 ఆగస్టు 2న ఇరాక్ కువైట్‌లోకి వచ్చాక, దాదాపు 1,70,000 మంది భారతీయులు ఇల్లు చేరారు. చాలామంది బస్సుల్లో ఇరాక్ దాటి, జోర్డాన్‌లోని అమ్మాన్ చేరి, అక్కడ ఎయిర్ ఇండియా విమానాలు ఎక్కారు. ఆ దారిన వచ్చినవాళ్ల కోసం మీ చుట్టుపక్కల ఊళ్లలో అడిగి చూడు. దొరికితే, ఎలా అనిపించింది అని మాత్రం అడగొద్దు. ఏ రోజు బయల్దేరారు, బస్సుకి ఎంత ఇచ్చారు, నీళ్లు ఎక్కడ దొరికాయి, చేతిలో ఏం పట్టుకున్నారు, పాస్‌పోర్టు ఎవరి దగ్గరుంది, ఇవి అడుగు. సగంలో ఆగిపోతే ఆగనివ్వు, తొందర పెట్టకు.

ముందు ఆ పేజీలు రాసి పంపు. ట్యాంకుల భాగం తర్వాత ఇద్దరం కూర్చుని సరిచేద్దాం.

ఆశీస్సులతో,
మీ మాస్టారు