గ్రహమంత మొక్కకి కొమ్మ నరికిన సంగతి ఎప్పుడు తెలుస్తుంది?

మీ ప్రశ్న ఇదీ: రెండు సూర్యుళ్లున్న ఒక కల్పిత వ్యవస్థలో మహావల్లి అనే గ్రహం, భూమంత గోళం, అంతా కలిపి ఒకే ఒక మొక్క. మనుషులు దిగి ఒక కొమ్మ నరుకుతారు, మరుక్షణం గ్రహమంతా కోపంతో లేస్తుంది. చదివేవాళ్లు నమ్ముతారా, ఆకులు ఏ రంగులో ఉండాలి అని అడిగారు. మొక్క అంత పెద్దదంటే నమ్ముతారండి. అంత తొందరగా కోపం రావడమే నాకు మింగుడుపడలేదు.

మాది కోనసీమ. లంకలో అరటి, గట్టుమీద కొబ్బరి. చదివింది బీఎస్సీ బోటనీ. కాబట్టి సగం తోటలోంచి, సగం పుస్తకంలోంచి చెబుతాను.

గోళం నడిబొడ్డు దాకా మొక్కే అని మాత్రం రాయకండి. భూమి మీద లాంటి ఆకర్షణ ఉంటే గట్టి టేకు కలప కూడా పది కిలోమీటర్ల ఎత్తు పేర్చేలోపే తన బరువుకి తానే నలిగిపోతుంది. ఇక గ్రహం మధ్యలో ఉండే ఒత్తిడికి కణమనేదే మిగలదు. లోపల రాయి, దానిమీద నీరు, పైన కొన్ని వందల మీటర్ల ప్రాణమున్న పొర అంటే సరిపోతుంది.

ఆ పొర ఒకే మొక్క కావడం పెద్ద వింతేం కాదు. పశ్చిమ ఆస్ట్రేలియాలోని షార్క్ బేలో దాదాపు 180 కిలోమీటర్ల పొడవున పరుచుకున్న సముద్రపు గడ్డి అంతా ఒకే మొక్క అని 2022లో జన్యుపరీక్షల్లో తేలింది. అంత దూరం ఎందుకు, మా కాలువలో గుర్రపుడెక్క చాలదూ! వేసవిలో కాలువలు కట్టేసినప్పుడు తూడు తీయిస్తారు, నీళ్లు వదిలాక మళ్లీ మామూలే. పరిస్థితి అనుకూలిస్తే రెండు వారాలకోసారి రెట్టింపవుతుంది. ఒక చదరపు మీటరుతో మొదలుపెట్టి లెక్కేయండి: 49 రెట్టింపులకు భూగోళమంతా కప్పేస్తుంది, అంటే రెండేళ్లలోపే. మరి ఎందుకు కప్పలేదు? చలి ఒక కారణం, ఎరువు చాలకపోవడం ఇంకొకటి. మూడోది చూడాలంటే గోదావరి సముద్రంలో కలిసే అంతర్వేది వెళ్లండి. వరదకి కొట్టుకొచ్చిన డెక్క ఉప్పునీళ్లు తగలగానే గోధుమరంగుకి తిరిగి కుళ్లిపోతుంది. అక్కణ్ణుంచి రాజ్యం మడచెట్లది. కాబట్టి మహావల్లి ఒకే మొక్కే అయినా ఒకే రూపంలో ఉండకూడదు. ఉప్పు చోట గాలి పీల్చే వేర్లు పైకి లేపాలి, తీపినీటి చోట తేలాలి, చలి చోట నేలకి అంటుకుని పాకాలి.

తిండి సంగతి కూడా ఒక మాట. మా లంకలకి ఒండ్రు వరద తెస్తుంది. నేలంతా వేర్లతో బిగించేసిన గ్రహంలో ఒండ్రు ఎక్కణ్ణుంచి వస్తుంది? అగ్నిపర్వతాలన్నా పెట్టండి, లేదా తన కుళ్లిన ఒంటినే తాను తింటుందని రాయండి. కుళ్లబెట్టడానికి బూజులూ సూక్ష్మజీవులూ ఎలాగూ కావాలి. అవి లేకపోతే గాలిలోని కార్బన్ డయాక్సైడ్ అంతా మొక్క ఒంట్లోనే ఇరుక్కుపోతుంది.

ఇప్పుడు కోపం దగ్గరికి వద్దాం. అరటి గెల కోశాక మేం తల్లి బోదెను మొదలంటా నరికెయ్యం, కొంత ఉంచుతాం. అందులోని సారం దుంప గుండా పిలకకి దిగుతుంది. అదంతా రెండు మూడు అడుగుల వ్యవహారం. మొక్కలో పంచదార కలిసిన రసం నడిచే వేగం గంటకి ఒక మీటరు అటూ ఇటూ. భూమంత గ్రహంలో ఈ వైపు నుంచి ఆ వైపుకి 20,000 కిలోమీటర్లు. ఆ రసం చేరడానికి 2,280 ఏళ్లు పడుతుంది! అంటే వెలుగున్న వైపు చీకటి వైపుని పోషించడమనేది కుదరదు, ఎక్కడి ఆకు అక్కడే వండుకు తినాలి.

దెబ్బ తగిలిన కబురు రసం కంటే వేగంగానే పోతుంది. గట్టుమీద అత్తిపత్తిని ముట్టుకుంటే ఆకులు ముడుచుకునే విద్యుత్ సంకేతం సెకనుకి రెండు మూడు సెంటీమీటర్లు నడుస్తుంది. మొక్కల్లో అది మంచి వేగమే. రెండు సెంటీమీటర్ల లెక్కనే పోనివ్వండి, గ్రహం అవతలి వైపుకి కబురు అందేసరికి దాదాపు 32 ఏళ్లు. కొమ్మ నరికిన కుర్రాడికి మనవలు పుట్టాక అవతలి వైపు ఉలిక్కిపడుతుందన్నమాట.

మా పాత అమృతపాణి అరటి తోటలో ఇది కళ్లారా చూశాను. పిలక నుంచి పిలకగా వచ్చిన తోట, జన్యువుల లెక్కన అంతా ఒకే మొక్క. ఒక మూల పనామా తెగులనే బూజు సోకి ఆకులు పసుపెక్కి బోదె చుట్టూ వేలాడుతుంటే, రెండో మూల చెట్లు ఏమీ ఎరగనట్టు గెలలు వేస్తున్నాయి. తర్వాత ఆ మూలకీ పాకింది. అన్నీ ఒకటే కదా, ఒకదాన్ని పడగొట్టిన బూజు అన్నింటినీ పడగొడుతుంది. మేం కర్పూర రకం అరటికి మారిపోయాం. మీ మనుషులకి మహావల్లిని చంపడమే పనైతే గొడ్డళ్లెందుకు, సరైన బూజు ఒకటి చాలు.

కోపం త్వరగా పాకాలనే ఉంటే మీకు ఒక దారుంది, గాలి. పురుగు కొరికిన మొక్క వదిలే వాసనని పక్క మొక్కలు పసిగట్టి ముందే రక్షణ రసాయనాలు తయారుచేసుకుంటాయని 1980ల నుంచీ ప్రయోగాలు చెబుతున్నాయి. 1883లో క్రకటోవా అగ్నిపర్వతం పేలినప్పుడు దాని ధూళి రెండు వారాల్లో భూమి చుట్టూ తిరిగొచ్చింది. వాసన అంతకాలం చెడకుండా నిలవదు కాబట్టి ఒక అడవి అందుకుని మళ్లీ వదలాలి, దాన్నుంచి ఇంకో అడవి. అలాగైతే నెలల్లో గ్రహమంతా తెలిసిపోతుంది.

ఆకుల రంగుకి మీ సూర్యుళ్లే ఆధారం. చిన్న ఎర్ర నక్షత్రమైతే ఉన్న కాస్త వెలుగునీ వదలకుండా పీల్చే నల్లటి ఆకులుండొచ్చని నాసా శాస్త్రవేత్త నాన్సీ కియాంగ్ 2008లో రాశారు. మీకున్నవి రెండు గనక ఒకటి ఎర్రది పెట్టుకోండి.

గాలి దారి ఎంచుకుంటే కథలో ఇంకో సౌకర్యం కూడా ఉందండి. కోపం గాలివాటునే పోతుంది, ఎదురుగాలికి పోదు. అక్కడ కొన్నేళ్లు బతికిన మనుషులైతే గాలి అడవి మీంచి సముద్రం వైపుకి వీచే రోజు చూసుకుని, ఒడ్డు నుంచే నరకడం మొదలుపెడతారు.