మత్తు వైద్యం నేర్చుకునేవారి వెనుక ఎవరుండాలి?

ప్రశ్న: నేను ఒక బోధనాసుపత్రిలో ఎండీ అనస్తీషియా (మత్తు వైద్యం) మొదటి సంవత్సరం చదువుతున్నాను. చేరి ఏడు నెలలైంది. పగలు ఆపరేషన్ థియేటర్‌లో సీనియర్ల పక్కన కేసులు చేస్తున్నాను కానీ, రాత్రి డ్యూటీల్లో చాలాసేపు ఒక్కదాన్నే ఉండవలసి వస్తోంది. థీసిస్ కాగితాలకు, లాగ్‌బుక్ (చేసిన కేసులు రాసుకునే పుస్తకం) సంతకాలకు తప్ప గైడ్‌గారిని కలిసింది లేదు. సరిగ్గా నేర్చుకుంటున్నానో లేదో చెప్పేవారు లేరు. అడిగితే చేతకానిదాన్ని అనుకుంటారేమోనని భయంగా ఉంది. ఏం చేయమంటారు?
– ఒక పీజీ విద్యార్థిని, ఆదోని

జవాబు: అమ్మా, మీ భయంలో తప్పేమీ లేదు. లోపం మీది కాదు, నేర్పవలసిన మాది. కేసు జరుగుతున్నప్పుడు పక్కన నిలబడి రోగికి హాని కలగకుండా చూడటం ఒక బాధ్యత. మూడేళ్ళ చదువులో మీరు ఎంతవరకు వచ్చారో, ఏ పని చేతికి ఇంకా కుదరలేదో గమనిస్తూ ఉండటం వేరే బాధ్యత. బ్రిటన్‌లో ఈ రెండింటికీ వేర్వేరు పేర్లున్నాయి. చదువు బాధ్యత చూసేందుకు ప్రతి విద్యార్థికీ ఫలానా డాక్టర్ అని ఒకరిని నియమిస్తారు. సాధారణంగా మొదటి 3 నుంచి 6 నెలల్లో జరిగే తొలి నైపుణ్య పరీక్షలో నెగ్గితే గాని, సీనియర్ పక్కన లేకుండా కేసు చేయనివ్వరు. మన దగ్గర రెండు బరువులూ గైడ్ మీదే పడతాయి. కేసుల రద్దీలో మొదటిది ఎలాగో నెరవేరుతుంది, రెండోది సంతకంగా మిగిలిపోతుంది.

సంతకం ఎందుకు చాలదో నా అనుభవం ఒకటి చెబుతాను. అనంతపురం వైపు పల్లె నుంచి పురుగుమందు తాగిన రైతును అర్ధరాత్రి క్యాజువాలిటీకి తెచ్చారు. డ్యూటీలో ఉన్న మా పీజీ కండరాలను కాసేపు కదలకుండా చేసే స్కోలిన్ అనే మందు ఇచ్చి, మొదటి ప్రయత్నంలోనే శ్వాసనాళంలోకి ట్యూబ్ వేసి, వెంటిలేటర్ మీద పెట్టాడు. లాగ్‌బుక్‌లో అది ఒక్క వరుస, అందులో తప్పు పట్టడానికి ఏమీ లేదు. పొద్దున టీ తాగుతూ, ట్యూబ్ వేశాక ఏం గమనించావని అడిగాను. గంట దాటినా చేతులు, కాళ్ళు కదల్లేదని, విషం ముదిరిందనుకున్నానని చెప్పాడు. మామూలుగా నిమిషాల్లో దిగిపోయే స్కోలిన్‌ను విరిచేసే ఎంజైమును ఆర్గానోఫాస్ఫేట్ పురుగుమందు పనిచేయకుండా చేస్తుంది కాబట్టి, ఆ రోగిలో ఆ మందు గంటల తరబడి నిలుస్తుంది. పుస్తకంలో ఆ మాట అతను చదివే ఉన్నాడు. చదివినదానికీ ఆ మంచం మీది మనిషికీ ముడి పడింది మాత్రం టీ తాగుతూ మాట్లాడుకున్న ఆ పదిహేను నిమిషాల్లోనే. మీకు దక్కవలసినది ఆ పదిహేను నిమిషాలు.

అందుకని గైడ్‌గారి దగ్గరకు ఫిర్యాదుతో కాకుండా ఒక కేసుతో వెళ్ళండి. ఆ వారం మిమ్మల్ని ఇబ్బంది పెట్టిన కేసును, మీరేం చేశారో, ఎక్కడ సందేహం వచ్చిందో ఒక పేజీలో రాసి చూపించి, నెలకొకసారి ఇలా కూర్చోవడానికి రోజు చెప్పమని అడగండి. నా దగ్గరకు అలా వచ్చిన విద్యార్థిని చేతకానివాడని నేను ఎన్నడూ అనుకోలేదు. ఆయనకు నిజంగా తీరిక లేకపోతే, యూనిట్‌లో ఓపికగా నేర్పే అసిస్టెంట్ ప్రొఫెసర్ ఎవరో ఒకరు ఉంటారు. వారి దగ్గర కూర్చునేలా చూడమని విభాగాధిపతి (హెచ్‌వోడీ) గారిని కోరవచ్చు.

రెండో సంగతి మరీ ముఖ్యం. ఏ కేసులకు మొదలుపెట్టకముందే సీనియర్‌ను పిలవాలో ఇప్పుడే అడిగి రాసి పెట్టుకోండి. చంటిపిల్లలు, రక్తస్రావంతో వచ్చిన గర్భిణి, నోరు తెరుచుకోని రోగి, ఫ్లోరైడ్ నీళ్ళ వల్ల మెడా వెన్నూ బిగుసుకుపోయి స్పైనల్‌కు (వెన్నులో ఇచ్చే మత్తుకు) సూది దిగని పెద్దవాళ్ళు (మన జిల్లాల్లో వీరు తారసపడుతూనే ఉంటారు) ఆ పట్టికలో ఉండాలి. ఫోన్‌లో మాట నాన్చకూడదు. "కేసు చూడండి సార్" అంటే నిద్రమత్తులో ఉన్నవారికి అర్థం కాదు. "ఈ కేసు నేను ఒక్కదాన్నే మొదలుపెట్టలేను, మీరు రావాలి" అని చెప్పండి.

ఈ శీర్షిక చదివే గైడ్‌లకూ ఒక మాట. విద్యార్థి ట్యూబ్ వేస్తున్నప్పుడు రోగి రక్తంలో ఆక్సిజన్ తగ్గుతోందని పల్స్ ఆక్సీమీటర్ శబ్దం శ్రుతి దిగుతూ చెబుతుంటే, చేతులు వెనక్కి కట్టుకుని నిలబడటం మనకు ఎంత కష్టమో నాకు తెలుసు. ఎన్ని ప్రయత్నాల తర్వాత, శాచురేషన్ (రక్తంలో ఆక్సిజన్ శాతం) ఎంతకు పడితే లారింగోస్కోప్ (ట్యూబ్ వేయడానికి గొంతు లోపల చూసే పరికరం) మనం అందుకుంటామో మత్తు ఇవ్వకముందే విద్యార్థికి చెప్పేయాలి. అలా చెప్పి ఉంటే, మనం అందుకున్నప్పుడు ఆ పిల్లకు అవమానమనిపించదు.

అమ్మా, కోర్సు మధ్యలో మూడు నెలల జిల్లా రెసిడెన్సీకి (జిల్లా ఆసుపత్రిలో చేయవలసిన డ్యూటీకి) వెళ్ళినప్పుడు ఇప్పుడున్నంత మంది సీనియర్లు మీ చుట్టూ ఉండకపోవచ్చు. ఈ అలవాట్లు ఆలోపే చేసుకోవాలి. ఈ రాత్రి డ్యూటీ ఉంటే, పిలవవలసినవారి నంబరుకు సాయంత్రమే ఒకసారి ఫోన్ చేసి, డ్యూటీలో ఉన్నది మీరేనని చెప్పి ఉంచండి.