టెక్ సందేహాలు: ట్యూనర్ పచ్చగా వెలిగినా గాంధారం ఎందుకు కలవడం లేదు?

ప్రశ్న: మా అమ్మాయి ఐదున్నర శ్రుతిలో గాత్రం నేర్చుకుంటోంది. ఇంట్లో సాధన చేసేటప్పుడు ఫోన్‌లో ట్యూనర్ యాప్ పెడుతున్నాం. అంతర గాంధారం (సరిగమల్లో పై ‘గ’) దగ్గర యాప్ కరెక్టేనని పచ్చ రంగు చూపిస్తోంది. టీచర్‌గారు మాత్రం ‘కొంచెం ఎక్కువ పడుతోంది’ అంటున్నారు. యాప్‌లో లోపమా? - ఒక తల్లి, విజయనగరం

జవాబు: యాప్ సరిగ్గానే పనిచేస్తోందండి. అయినా ఇక్కడ టీచర్‌గారి మాటే వినాలి.

యాప్ కొలిచేది సెకనుకు ఎన్ని కంపనాలన్నదే. దాన్నే హెర్ట్జ్ అంటాం. పాశ్చాత్య సంగీతంలోని ‘ఎ’ స్వరాన్ని 440 హెర్ట్జ్‌గా పెట్టుకుని మిగతా స్వరాలను లెక్కగడుతుంది. ఈ 440 ప్రకృతి ఇచ్చింది కాదు, మనుషులు కుదుర్చుకున్న ఒప్పందం. ఫ్రాన్స్ 1859లో 435 అని నిర్ణయించుకుంది. 1939లో లండన్‌లో జరిగిన అంతర్జాతీయ సమావేశం 440ని సిఫార్సు చేసింది. 1955లో అంతర్జాతీయ ప్రమాణాల సంస్థ ఐఎస్‌ఓ కూడా దాన్నే ప్రమాణంగా తీసుకుంది.

ఒక స్థాయి పైకి వెళ్తే కంపనాలు రెట్టింపవుతాయి. ఆ దూరాన్ని కీబోర్డు కోసం 12 సమాన మెట్లుగా కోశారు. ఒక్కో మెట్టుకు ఫ్రీక్వెన్సీ దాదాపు 1.0595 రెట్లు అవుతుంది. దీనివల్ల ఏ శ్రుతిలోనైనా ఒకే కీబోర్డు మీద వాయించుకోవచ్చు. అందుకు చెల్లించే మూల్యం ఎక్కువగా గాంధారం దగ్గరే పడుతుంది.

మీ అమ్మాయి లెక్కే చూద్దాం. ఐదున్నర అంటే కీబోర్డు మీద జి షార్ప్, షడ్జం (స) 207.65 హెర్ట్జ్. పంచమం (ప) దానికి ఒకటిన్నర రెట్లు, అంటే 311.5. యాప్ 311.1 అంటుంది. ఈ తేడా దాదాపు ఎవరికీ తెలియదు. అంతర గాంధారం తంబురాతో కలిసిపోవాలంటే షడ్జానికి 1.25 రెట్లు ఉండాలి, అంటే 259.6. యాప్ దృష్టిలో సరైనది 261.6. రెండు హెర్ట్జ్‌లే కదా అనిపిస్తుంది. కానీ మెట్టుకు 100 సెంట్ల లెక్కన ఇది 14 సెంట్లు. తంబురా బాగా కలిసినప్పుడు షడ్జం తీగలోంచే గాంధారం సన్నగా పలుకుతుంది, అది ఆ తీగ ఐదో అనుస్వరం (హార్మోనిక్), అంటే షడ్జానికి ఐదు రెట్లు, 1038 హెర్ట్జ్. యాప్ చెప్పినట్టు పాడితే పాప గొంతులోని నాలుగో అనుస్వరం 1046 దగ్గర పడుతుంది. రెండూ సెకనుకు ఎనిమిది సార్లు ఒరుసుకుంటాయి. టీచర్‌గారికి వినిపిస్తున్నది ఆ వణుకే.

కొన్ని యాప్‌ల సెట్టింగ్స్‌లో ‘టెంపరమెంట్’ (స్వరాల మధ్య దూరాలను లెక్కగట్టే పద్ధతి) అని ఉంటుంది. అందులో 1.25, 1.5 లాంటి సహజ నిష్పత్తులతో లెక్కగట్టే ‘జస్ట్’ ఎంచుకుని, ఆధార స్వరంగా జి షార్ప్ పెట్టండి. ఇది నిలిపి పాడే గాంధారానికి పనికొస్తుంది. రాగంలో గాంధారం గమకంతో కదిలేటప్పుడు దాన్ని ఏ ముల్లూ చూపించలేదు, చూపించాలని ఆశించకూడదు కూడా. నా సలహా ఏమిటంటే, తంబురా షడ్జ పంచమాలు సరిచూసుకోవడానికే యాప్ వాడండి. పాడేటప్పుడు ఫోన్ బోర్లా పెట్టేయండి. పిల్లలు చెవితో కాకుండా కళ్లతో శ్రుతి పట్టడం అలవాటు చేసుకుంటే తర్వాత మాన్పించడం కష్టం.

ప్రశ్న: ఇంట్లో రికార్డ్ చేసిన ఐదు నిమిషాల పాట ఫ్రెండ్ కంప్యూటర్‌లో శ్రుతి పెరిగి, గొంతు సన్నగా వినిపిస్తోంది. ఎందుకు? - ఒక పాఠకుడు, కరీంనగర్

జవాబు: ముందు పాట నిడివి చూడండి. 4 నిమిషాల 36 సెకన్ల దగ్గరకు తగ్గిపోయి ఉంటే కారణం దొరికినట్టే. 44,100 శాంపిల్ రేటుతో (సెకనుకు అన్నిసార్లు శబ్దాన్ని కొలిచి) రికార్డ్ చేసిన ఫైల్‌ను అక్కడి సాఫ్ట్‌వేర్ 48,000గా అనుకుని వేగంగా వాయిస్తోంది. అప్పుడు శ్రుతి దాదాపు ఒకటిన్నర మెట్లు పెరుగుతుంది. కీబోర్డులో ఏ మెట్టుకూ సరిగ్గా పొసగదు కాబట్టి ట్రాన్స్‌పోజ్ చేసినా (శ్రుతిని మెట్ల లెక్కన జరిపినా) కుదరదు. ఆడియో ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ ఆడాసిటీలో అయితే ట్రాక్ మెనూలో ‘రేట్’ను 44,100కు మార్చండి. పిచ్ మార్చే ఎఫెక్ట్ జోలికి పోవద్దు, అది శబ్దాన్ని పాడుచేస్తుంది. ఇకపై రికార్డ్ చేసేముందు ఆడియో ఇంటర్‌ఫేస్‌లోనూ, సాఫ్ట్‌వేర్‌లోనూ ఒకే రేటు ఉందో లేదో చూసుకోండి.

ప్రశ్న: 432 హెర్ట్జ్‌లో పాటలు వింటే బీపీ తగ్గుతుందంటున్నారు. నా పాటలన్నీ మార్చే యాప్ కొనమంటారా? - ఒక పాఠకుడు, హైదరాబాద్

జవాబు: కొనకండి. 440కీ 432కీ తేడా 32 సెంట్లు, ఒక మెట్టులో మూడో వంతు కూడా లేదు. పైగా హెర్ట్జ్ అంటే సెకనుకు లెక్క. రోజును 86,400 సెకన్లుగా భాగించుకున్నది మనమే. ఆ భాగాల సంఖ్య మారితే 432 అనే అంకె కూడా మారిపోతుంది. మన గాయకులు ఎవరి గొంతుకు తగ్గ షడ్జం వాళ్లు ఎంచుకుంటారు, సంగీతం హాయిగానే ఉంటుంది. ఎంపీ3 పాటలను మార్చి మళ్లీ ఎంపీ3గా సేవ్ చేస్తే క్వాలిటీ తగ్గుతుంది, కాబట్టి ఒరిజినల్స్ చెరపవద్దు. బీపీ మాత్రలు డాక్టర్ చెప్పకుండా ఒక్క పూట కూడా ఆపవద్దు.