ఆ ప్రశ్నల లిస్టు ఇంట్లో పెట్టి వెళ్ళు

తమ్ముడూ,

శ్రీలంకలో తియ్యబోయే డాక్యుమెంటరీ కోసం నువ్వు పంపిన ప్రశ్నలు మొత్తం చదివాను, సగానికి పైగా అక్కడి యుద్ధం ముగిసిన 2009 మే నెల గురించే ఉన్నాయి. ఆఖరి పోరు జరిగిన ముల్లైత్తీవులో ఒకావిడ ముందు కెమెరా పెట్టి ఆరోజు ఏం జరిగిందమ్మా అంటే చెప్తుంది, ఇంతకుముందు వచ్చినవాళ్ళకి ఏ మాటల్లో చెప్పిందో నీకూ అవే మాటల్లో చెప్తుంది, నువ్వు ఆ ఏడుపు రికార్డు చేసుకుని వచ్చేస్తావు, ఆవిడకి మాత్రం ఆ రాత్రి నిద్రుండదు. మొదటిసారి శ్రీలంక వెళ్ళినప్పుడు నేను చేసింది అదే, ఇప్పటికీ తలుచుకుంటే బాధేస్తుంది.

అందుకే ముందు వాళ్ళ పని షూట్ చెయ్. ఉత్తరాన మందుపాతరలు తీసే పనిలో ఆడవాళ్ళు చాలామంది ఉన్నారు, అంత ఎండలోనూ బరువైన జాకెట్, మొహానికి అడ్డం వేసుకుని, మోకాళ్ళ మీద కూర్చుని మట్టి కొంచెం కొంచెం గోకుతూ ముందుకి జరుగుతారు, రోజంతా చేసినా జరిగేది కొద్ది దూరమే. ఆ షాట్ తొందరగా కట్ చెయ్యకు, చూసేవాడు ఇబ్బందిపడేదాకా ఉంచు, అక్కడ పొలం మళ్ళీ పొలం కావడానికి పట్టే టైం అదే మరి. దానిమీద బరువైన వాయిస్ ఓవర్ రాయాలనిపిస్తుంది, వద్దు. యుద్ధంలో తలలు తెగిన తాటిచెట్లు కనపడగానే అందరి కెమెరాలూ అటే తిరుగుతాయి, నువ్వు పక్కన మొలిచిన చిన్న తాటిమొక్కలు కూడా చూడు, అవి కాపుకి రావాలంటే ఎన్నేళ్ళు ఆగాలో నీకు తెలుసు కదా.

యుద్ధకాలంలో కనపడకుండా పోయిన పిల్లల కోసం కిలినొచ్చి, వవునియాల్లో 2017 ఫిబ్రవరి నుంచి తల్లులు రోడ్డుపక్కన టెంట్లలో ఫొటోలు పట్టుకుని కూర్చున్నారు. కొందరు జవాబు రాకుండానే చనిపోయారు కూడా. ఇక్కడ నువ్వు చాలా జాగ్రత్తగా ఉండాల్సింది సబ్‌టైటిల్స్‌తో. ఆ తల్లి "నా కొడుకు ఉన్నాడు" అంటుంది, అనువాదం చేసేవాళ్ళు అర్థం సరిచేస్తున్నాం అనుకుని "ఉండేవాడు" అని రాసేస్తారు. ఇన్నేళ్ళుగా ఆవిడ ఒప్పుకోని మాటని నువ్వు ఆవిడ నోట్లో పెట్టినట్టే కదా అది! నా ఫిల్మ్‌లో ఒకచోట అలా పడింది, రిలీజయ్యాక చూసుకున్నాను, అప్పటికి చెయ్యగలిగింది ఏం లేదు.

ఇంకోటి, నువ్వు ఫ్లైట్ ఎక్కి వచ్చేస్తావు, వాళ్ళు అక్కడే ఉంటారు, నీతో మాట్లాడినందుకు తర్వాత ఎవరైనా వచ్చి ప్రశ్నలు అడగొచ్చు. మొదటిరోజు సరే అన్నారు కదా అని ఊరుకోకు, ఎడిటింగ్ అయ్యాక వాళ్ళకి చూపించి మళ్ళీ అడుగు, వద్దంటే ఎంత మంచి సీనైనా తీసెయ్.

ఉత్తరాది తమిళుల దగ్గరే ఆగిపోకు. 1990 అక్టోబర్‌లో, ప్రత్యేక తమిళ దేశం కోసం పోరాడిన ఎల్‌టీటీఈ ఉత్తరం నుంచి వెళ్ళగొట్టిన ముస్లిం కుటుంబాలు పుత్తళం వైపు ఉన్నాయి, జాఫ్నా టౌన్ వాళ్ళకి ఊరు వదలడానికి ఇచ్చింది రెండంటే రెండు గంటలు. దక్షిణాన సైన్యంలోకి వెళ్ళి తిరిగిరాని కొడుకుల తల్లులూ ఉన్నారు, వాళ్ళ ఇళ్ళల్లోనూ ఫొటోలకి దుమ్ము తుడుస్తుంటారు.

తమిళం ఎంతవరకు వచ్చింది? "ఇరుక్కిఱాన్" (ఉన్నాడు)కీ "ఇరుందాన్" (ఉండేవాడు)కీ తేడా చెవికి పట్టేదాకా ఆ తల్లుల టెంట్ దగ్గర కెమెరా తియ్యకు. రఫ్ కట్ అవ్వగానే నాకు పంపు, సబ్‌టైటిల్స్ ఒక్కో లైనూ కూర్చుని చూద్దాం.